టూన్ షేడర్ పెట్టినా గేమ్ అతుకుల బొంతలా ఎందుకు కనిపిస్తుంది?

మీ ప్రశ్నను క్లుప్తంగా మళ్లీ చెప్తాను, తర్వాత చదివేవాళ్లకు ఉపయోగపడుతుంది. ముగ్గురు కలిసి థర్డ్ పర్సన్ 3డీ గేమ్ చేస్తున్నారు. పాత్రలు మీరే మోడల్ చేశారు, చెట్లూ ఇళ్లూ రెండు మూడు స్టోర్ ప్యాక్‌ల (ఆన్‌లైన్‌లో దొరికే రెడీమేడ్ మోడళ్ల కట్టలు) నుంచి తీసుకున్నారు. అన్నిటికీ ఒకే టూన్ షేడర్ (3డీ వస్తువును కార్టూన్ బొమ్మలా చూపించే ప్రోగ్రామ్), చుట్టూ ఒకే నల్ల గీత. విడిగా చూస్తే ప్రతిదీ బాగుంది, ఒకే సీన్‌లో పెడితే అతకడం లేదు. ఇంతకన్నా మంచి టూన్ షేడర్ ఏదైనా ఉందా అని అడిగారు.

షేడర్ మార్చినా ఈ సమస్య పోదు. టూన్ షేడర్ చేసే పని చాలా చిన్నది: ఉపరితలం మీద పడే వెలుగును రెండు మూడు మెట్లుగా విడగొడుతుంది. మెట్టు ఎక్కడ పడాలో నిర్ణయించేది మెష్ నార్మల్స్, అంటే మోడల్ ఉపరితలం ఒక్కో చోట ఎటు తిరిగి ఉందో చెప్పే దిశలు. నీడ ఏ రంగులో ఉండాలి, ఏ వివరం గీయాలి, ఏది వదిలేయాలి అన్నవి మీరు తీసుకోవాల్సిన నిర్ణయాలు. మూడు ప్యాక్‌లు చేసిన ముగ్గురు కళాకారులు ఆ నిర్ణయాలను మూడు రకాలుగా తీసుకున్నారు. వాటి మీద ఒకే షేడర్ పరిస్తే తేడాలు పోవు, పైగా మధ్యస్థ ఛాయలు మాయమై తేడాలే ఇంకా కొట్టొచ్చినట్టు కనబడతాయి. శైలి అంటే ముందుగా పెట్టుకున్న నియమాల కట్ట. షేడర్ ఆ కట్టలో చివరి కాగితం.

మొదట ఏ నియమం తప్పిందో కనిపెట్టండి. ఆట ఆడే కెమెరా దూరం నుంచే స్క్రీన్‌షాట్ తీయండి, ఎడిటర్‌లో దగ్గరికి జూమ్ చేసి తీసింది పనికిరాదు. దాని మీద మూడు పరీక్షలు చేయాలి. ఒకటి, నలుపు-తెలుపు చేసి 160 పిక్సెళ్ల వెడల్పుకు కుదించండి. అందులో మీ పాత్ర ఎక్కడుందో అర సెకనులో కనబడాలి. రెండు, వస్తువులన్నిటికీ వెలుగు పట్టని ఒకే ముదురు రంగు మెటీరియల్ వేసి, వెనక తెల్లటి నేపథ్యం పెట్టి ఆకారాలు మాత్రమే చూడండి. మూడు, టెక్స్చర్లన్నీ (మోడల్ మీద అతికించే బొమ్మలు) తీసేసి బూడిద రంగు మీద షేడర్ మాత్రమే ఉంచండి. మొదటి పరీక్ష తప్పితే గొడవ వెలుగు స్థాయిలతో. రెండోది తప్పితే ఆకారాలతో, మూడోది తప్పితే నార్మల్స్‌తో. మూడూ నెగ్గి కూడా చివరి చిత్రం అతకకపోతే గొడవ టెక్స్చర్లలో ఉంది.

నలుపు-తెలుపు చేసేటప్పుడు ఒక జాగ్రత్త. చాలా ప్రోగ్రామ్‌లలో ఉండే మామూలు డీశాచురేట్ కమాండ్ హెచ్‌ఎస్‌ఎల్ లెక్కతో (రంగులోని అతి పెద్ద, అతి చిన్న విలువల సగటుతో) పని చేస్తుంది. దాంతో నిండు పసుపూ నిండు నీలమూ ఒకే బూడిద రంగుగా మారిపోతాయి. కంటికి మాత్రం పసుపు చాలా వెలుగు, నీలం చాలా చీకటి. హెచ్‌డీ తెరల ప్రమాణమైన రెక్ 709 లెక్కలో ఎరుపుకు 0.2126, ఆకుపచ్చకు 0.7152, నీలానికి 0.0722 బరువులు వేసుకుంటే పసుపు 0.93 దగ్గర, నీలం 0.07 దగ్గర నిలుస్తాయి. కాబట్టి పైన నలుపు లేయర్ పెట్టి బ్లెండ్ మోడ్‌ను కలర్‌కు మార్చండి, లేదా ల్యాబ్ మోడ్‌లోకి వెళ్లి ఎల్ ఛానెల్ మాత్రమే చూడండి. తప్పుడు నలుపు-తెలుపు చూసి దిద్దుకుంటే రంగులు ఇంకా పాడవుతాయి.

వెలుగు స్థాయిలకు నేను సిఫారసు చేసే పంపకం ఇది. 0 నలుపు, 100 తెలుపు అనుకుంటే, నేలా గోడలూ దూరపు కొండలూ కలిపి 35 నుంచి 65 మధ్యలో ఇరుకుగా ఉండాలి. అటూ ఇటూ మిగిలిన స్థాయిలు పాత్రలకు, శత్రువులకు, చేత్తో తీసుకోగల వస్తువులకు. స్టోర్ ప్యాక్‌లలో ప్రతి పీపా మీదా నిండు నలుపు పగుళ్లూ తెల్లటి అంచులూ ఉంటాయి, ప్యాక్ బొమ్మలో అందంగా కనబడాలని అలా చేస్తారు. ఆ పీపాలు సీన్‌లో ఇరవై ఉంటే కన్ను ఎటు పోవాలో తెలియక తిరుగుతుంది. టెక్స్చర్‌కు లెవెల్స్ వేసి, అవుట్‌పుట్‌ను 8 బిట్ కొలతలో 90 నుంచి 165 మధ్యకు నొక్కితే సగం గొడవ అక్కడే సర్దుకుంటుంది. వెలుగూ నీడా పడ్డాక స్థాయిలు మళ్లీ చెదురుతాయి కాబట్టి అసలు కొలత టెక్స్చర్ మీద కాదు, స్క్రీన్‌షాట్ మీద.

దీన్ని బాగా ఆలోచించి చేసిన గేమ్‌గా వాల్వ్ వాళ్ల టీమ్ ఫోర్ట్రెస్ 2 ను చూడండి. 2007లో వచ్చింది, దాని రెండరింగ్ పద్ధతిని వాళ్లే ఒక పేపర్‌గా ప్రచురించారు. ఆటగాడు ఎదుటి పాత్రలో ఏది ముందు గుర్తించాలో వరస పెట్టుకున్నారు: ముందు జట్టు, తర్వాత ఏ తరగతి సైనికుడు, తర్వాత చేతిలోని ఆయుధం. జట్టుకు రంగు, తరగతికి సిల్హౌట్ (బయటి ఆకారం), ఆయుధానికి ఛాతీ దగ్గర ఎక్కువ కాంట్రాస్ట్. పాదాలు ముదురుగా మొదలై పైకి వెళ్లేకొద్దీ తేలికవుతాయి, అందుకే చూపు తనంతట తానే ఆయుధం దగ్గరికి చేరుతుంది. అమెరికన్ వాణిజ్య చిత్రకారుడు లెయెండెకర్ బొమ్మల నుంచి అంచు వెలుగునూ బట్టల మడతల తీరునూ తీసుకున్నారు. అక్కడ అందమూ ఆట అవసరమూ ఒకే నిర్ణయంలో నెరవేరాయి. మీ గేమ్‌కు కూడా ఇలాంటి వరస ఒకటి రాసుకోండి, మూడు వాక్యాలు చాలు. అది రాయకుండా రంగులు ఎంచుకోవడం మొదలుపెట్టొద్దు. జట్టు రంగుల్లో ఎరుపు-ఆకుపచ్చ జంట మాత్రం వద్దు, ఆ రెండిటి తేడా సరిగా కనబడని ఆటగాళ్లు ఎప్పుడూ ఉంటారు.

ఆకారాల దగ్గర పాత్రల కొలతలు చూసుకోండి. 1080 పిక్సెళ్ల ఎత్తున్న తెర మీద పాత్ర 200 పిక్సెళ్లు ఉందనుకుందాం. మామూలు మనిషి నిష్పత్తిలో, అంటే ఏడున్నర తలల ఎత్తులో చేస్తే తలకు వచ్చేది 27 పిక్సెళ్లు, కంటికి మూడో నాలుగో. ఆ కంట్లో భావం చూపించలేరు. నాలుగు తలల ఎత్తుకు తగ్గిస్తే తల 50 పిక్సెళ్లు అవుతుంది, కంటికి 8 నుంచి 10 దొరుకుతాయి. జెల్డా గేమ్ ది విండ్ వేకర్‌లో కథానాయకుడు లింక్ కళ్లు అంత పెద్దవి కావడం ముద్దు కోసం మాత్రమే కాదు. దగ్గర్లో పనికొచ్చే వస్తువు ఉంటే అతని చూపు అటు తిరుగుతుంది, ఆటగాడు ఆ చూపును చదవగలగాలి. పాత్ర నాలుగు తలలది అయినప్పుడు తలుపు గడియ, కుర్చీ కాలు, మెట్టు మందం కూడా అదే దామాషాలో లావెక్కాలి. మీ ప్యాక్‌లలోని ఇళ్లు అసలు మనుషుల కొలతలకు చేసినవి. పాత్ర వాటి పక్కన బొమ్మలా తేలిపోవడానికి ముఖ్య కారణం అదే అయ్యుండాలి. తలుపులూ కిటికీ చట్రాలూ ఒకటిన్నర రెట్లు మందంగా చేసి చూడండి, అంచుల బెవెల్‌ను (పదును తగ్గించడానికి మూలను కోసిన వెడల్పు) 3 నుంచి 5 సెంటీమీటర్లకు పెంచండి.

ఇప్పుడు షేడింగ్. జనం ఎక్కువగా తప్పు చేసేది ఇక్కడే, అందుకే కాస్త విడమరచి చెప్తాను.

ముఖం మీద నీడ చిరిగిన కాగితంలా పడుతోందని రాశారు. మామూలు షేడింగ్‌లో ముక్కు పక్కన, చెంప మీద చిన్న చిన్న ఎత్తుపల్లాలు మెత్తగా కలిసిపోతాయి. రెండు మెట్ల షేడింగ్‌లో ప్రతి చిన్న పల్లమూ నల్లటి మచ్చ అవుతుంది. ఆర్క్ సిస్టమ్ వర్క్స్ 2014లో గిల్టీ గేర్ ఎక్స్‌ఆర్‌డీలో దీన్ని నార్మల్స్‌ను చేత్తో దిద్ది పరిష్కరించింది. అది అన్‌రియల్ ఇంజిన్ 3 మీద చేసిన గేమ్, చూస్తే మాత్రం చేత్తో గీసిన బొమ్మలే అనిపిస్తుంది. అంత పని మీకు అక్కర్లేదు. 3డీ మోడలింగ్ ప్రోగ్రామ్ బ్లెండర్‌లో ముఖం చుట్టూ సరిపోయేంత నున్నటి గోళాకారపు మెష్ ఒకటి చేసుకోండి. ముఖానికి డేటా ట్రాన్స్‌ఫర్ మాడిఫయర్ వేసి, ఫేస్ కార్నర్ డేటాలో కస్టమ్ నార్మల్స్ ఎంచుకుని, మ్యాపింగ్‌ను నియరెస్ట్ ఫేస్ ఇంటర్‌పొలేటెడ్‌గా పెట్టండి. వర్టెక్స్ గ్రూప్‌తో ముక్కు కొననూ గడ్డం కింది భాగాన్నీ మినహాయించండి. బ్లెండర్ 4.1 కన్నా పాత వెర్షన్ అయితే ఆటో స్మూత్ ఆన్‌లో ఉండాలి, లేకపోతే మాడిఫయర్ పని చేయదు.

ఇంజిన్‌లోకి తెచ్చేటప్పుడు ఈ శ్రమంతా ఒక్క సెట్టింగ్‌తో పోవచ్చు. యూనిటీలో మోడల్ ఇంపోర్ట్ సెట్టింగ్స్‌లో నార్మల్స్ దగ్గర ఇంపోర్ట్ అని ఉండాలి, క్యాలిక్యులేట్ అని ఉంటే ఇంజిన్ సొంతంగా లెక్క కట్టి మీవి చెరిపేస్తుంది. కింద బ్లెండ్ షేప్ నార్మల్స్ (ముఖ కవళికలు మార్చే ఆకారాల నార్మల్స్) అని ఇంకోటి ఉంది, దాన్నీ చూడండి. అది క్యాలిక్యులేట్‌లో ఉంటే పాత్ర మామూలుగా ఉన్నప్పుడు ముఖం బాగుంటుంది, నవ్వగానే మచ్చలు తేలతాయి. అన్‌రియల్‌లో కూడా కంప్యూట్ కాకుండా ఇంపోర్ట్ ఎంచుకోవాలి.

చెట్లకూ ఇదే మందు. ఒక్కో ఆకు కార్డు (ఆకుల బొమ్మ అతికించిన చదును పలక) ఒక్కో దిక్కుకు తిరిగి ఉంటుంది కాబట్టి టూన్ షేడర్ కింద చెట్టంతా ఉప్పూ మిరియాలూ చల్లినట్టు అవుతుంది. ఆకుల గుబురు మొత్తాన్ని కప్పే గోళం నుంచి నార్మల్స్ బదిలీ చేస్తే గుబురంతా ఒకే ముద్దలా వెలుగును అందుకుంటుంది. పైన ఒక వెలుగు ప్రాంతం, కింద ఒక నీడ ప్రాంతం, మధ్యలో ఒకటే గీత. మీ సీన్‌లో ఒక్క రోజులో ఎక్కువ తేడా కనిపించేది ఈ మార్పుతోనే.

మెట్టు ఎలా వేయాలి? నార్మల్‌కూ లైట్ దిశకూ డాట్ ప్రొడక్ట్ తీసుకుని, 0.5తో గుణించి 0.5 కలపండి. దీన్నే హాఫ్ లాంబర్ట్ అంటారు, వాల్వ్ మొదటి హాఫ్ లైఫ్ కాలం నుంచి వాడుతున్న పద్ధతి. అలా చేస్తే విలువ 0 నుంచి 1 వరకు పరుచుకుంటుంది, నీడ గీతను ఎటైనా జరుపుకోవచ్చు. స్టెప్ ఫంక్షన్‌తో కోస్తే గీత మెట్లు మెట్లుగా పళ్లు పెడుతుంది. స్మూత్‌స్టెప్‌తో 0.48 నుంచి 0.52 మధ్య కోయండి. ఇంకా మేలైన పని, ఆ వెడల్పును ఎఫ్‌విడ్త్‌తో (పక్క పిక్సెల్‌కు విలువ ఎంత మారుతుందో చెప్పే షేడర్ ఫంక్షన్) లెక్కగట్టడం, అప్పుడు దూరమైనా దగ్గరైనా అంచు ఒకే పదునుతో ఉంటుంది. ర్యాంప్ టెక్స్చర్ (మెట్ల రంగులను వరసగా దాచిన చిన్న బొమ్మ) వాడేట్టయితే 256 వెడల్పు సరిపోతుంది. దానికి కంప్రెషన్ ఉండకూడదు, మిప్‌మ్యాప్‌లు (దూరానికి వాడే చిన్న కాపీలు) ఉండకూడదు, ర్యాప్ మోడ్ క్లాంప్‌లో ఉండాలి. క్లాంప్ మర్చిపోతే ఎక్కువ వెలుగు పడే చోటే సన్నటి నల్ల చార కనబడుతుంది, చాలామంది దాన్ని షేడర్ తప్పు అనుకుని గంటలు పోగొట్టుకుంటారు.

షాడో మ్యాప్ (ఒక వస్తువు నీడ ఇంకో చోట పడేలా ఇంజిన్ కట్టే లెక్క) నుంచి వచ్చే నీడను ర్యాంప్ తర్వాత గుణించకండి. అలా చేస్తే ఒకే వస్తువు మీద రెండు వేర్వేరు అంచులు, రెండు వేర్వేరు ముదురు స్థాయిలు వస్తాయి. హాఫ్ లాంబర్ట్ విలువనూ షాడో విలువనూ పోల్చి చిన్నదాన్ని తీసుకుని, దాన్నే ర్యాంప్‌లోకి పంపండి. ముఖం మాత్రం షాడో మ్యాప్‌ను అసలు తీసుకోకపోవడమే మంచిది. జుట్టు నీడ ముఖం మీద కావాలంటే దాన్ని విడిగా గీయించుకోవాలి. దీపాలు ఎక్కువున్న గదిలో ఒక్కో దీపానికీ ఒక్కో మెట్టు వేస్తే పాత్ర ఒళ్లంతా వలయాలు పడతాయి. దీపాల వెలుగంతా ముందు కూడి, ఆ మొత్తం మీద ఒక్కసారే మెట్టు వేయండి.

నీడ రంగు కోసం బేస్ రంగును నలుపుతో కలపొద్దు. ప్రతి మెటీరియల్‌కూ విడిగా ఒక నీడ రంగు ఇవ్వండి: వెలుగు స్థాయి బేస్‌లో 60 నుంచి 70 శాతం, వర్ణాన్ని రంగుల చక్రం మీద 10 నుంచి 20 డిగ్రీలు చల్లటి వైపుకు జరపండి. చర్మం మాత్రం దీనికి మినహాయింపు, దాని నీడ ఎరుపు వైపుకు జరిగితేనే జీవం ఉంటుంది. నీలం వైపుకు జరిపితే జబ్బు మనిషిలా కనబడతాడు. స్కైబాక్స్ (ఆకాశం బొమ్మ) నుంచి వచ్చే యాంబియెంట్ (అన్ని వైపులా పరుచుకునే) వెలుగును ఆపి ఒకే రంగుకు మార్చండి. లేకపోతే మీరు చదునుగా ఉండాలనుకున్న చోట మెత్తటి గ్రేడియెంట్ దొంగచాటుగా చేరుతుంది.

పెయింటింగ్ ప్రోగ్రామ్‌లో ఎంచుకున్న రంగు గేమ్‌లో వెలిసిపోయి కనబడితే కారణం టోన్ మ్యాపింగ్, అంటే ఇంజిన్ చివర్లో వెలుగును తెరకు సరిపోయేలా కుదించే దశ. ఏసీఈఎస్ వంటి ఫిల్మిక్ వంపులు ఫోటో వాస్తవికత కోసం చేసినవి, అవి కాంట్రాస్ట్‌ను మార్చి నిండు రంగులను తెలుపు వైపుకు లాగుతాయి. యూనిటీ యూఆర్‌పీలో టోన్ మ్యాపింగ్‌ను నన్ లేదా న్యూట్రల్‌కు, గోడోలో లీనియర్‌కు మార్చండి. బ్లెండర్‌లో కూడా వ్యూ ట్రాన్స్‌ఫార్మ్‌ను స్టాండర్డ్‌కు పెట్టుకోండి. కొత్త వెర్షన్లలో డీఫాల్ట్‌గా ఏజీఎక్స్ ఉంటుంది, దాని కింద రంగులు సరిచూసుకుని ఇంజిన్‌కు తెస్తే రెండూ ఎన్నటికీ కలవవు.

అవుట్‌లైన్ విషయానికి వద్దాం. మీరు వాడుతున్నది ఇన్వర్టెడ్ హల్: మెష్‌ను రెండోసారి గీసి, శీర్షాలను నార్మల్ దిశలో కాస్త బయటికి నెట్టి, కెమెరా వైపు తిరిగిన పలకలను గీయకుండా వదిలేయడం. పెట్టెల మూలల్లో గీత తెగుతోందంటే అక్కడ హార్డ్ ఎడ్జ్ ఉంది, ఒకే బిందువుకు రెండు మూడు నార్మల్స్ ఉన్నాయి, తలా ఒక దిక్కుకు విడిపోతున్నాయి. అదే బిందువు దగ్గరి నార్మల్స్ అన్నిటి సగటు తీసి దాన్ని వర్టెక్స్ కలర్‌లోనో (ఒక్కో శీర్షానికి దాచుకునే రంగు) ఖాళీగా ఉన్న యూవీ ఛానెల్‌లోనో దాచండి. షేడింగ్‌కు అసలు నార్మల్, గీతకు సగటు నార్మల్. ఎముకలతో కదిలే పాత్రలకైతే ఈ సగటును టాంజెంట్ స్పేస్‌లో (ఉపరితలంతో పాటే తిరిగే అక్షాల్లో) దాచాలి, లేకపోతే చెయ్యెత్తగానే గీత తప్పుడు దిక్కుకు పోతుంది.

గీత మందం 1080 తెర మీద 2 పిక్సెళ్ల చుట్టూ ఉంటే చాలు. జరపడం క్లిప్ స్పేస్‌లో (తెర మీద స్థానం లెక్కగట్టే దశలో) చేసి డబ్ల్యూతో (కెమెరా నుంచి లోతు) గుణిస్తే ఏ దూరంలోనైనా అదే మందం ఉంటుంది. అయితే అలాగే వదిలేస్తే దూరపు పాత్ర మొత్తం నల్ల ముద్దవుతుంది. పది మీటర్ల తర్వాత పలచబరుస్తూ, నలభై దాటాక ఆపేయండి. వర్టెక్స్ కలర్‌లో ఒక ఛానెల్‌ను మందానికి కేటాయించి, కనురెప్పల దగ్గరా వేలి కొసల దగ్గరా 0కు దించితే గీతకు చేతిరాత జీవం వస్తుంది. నిండు నలుపు గీత వద్దు. ఆయా వస్తువు నీడ రంగునే ఇంకా ముదురు చేసి వాడండి.

నా గట్టి అభిప్రాయం: నేపథ్యానికి అసలు గీత వద్దు. అన్నిటికీ గీత ఉంటే ఏదీ విడిపడి కనబడదు. పాత్రలకూ ముట్టుకోగల వస్తువులకూ మాత్రమే ఉంచితే ఆటగాడికి చెప్పకుండానే ఒక భాష నేర్పినట్టవుతుంది. డెప్త్ (ఒక్కో పిక్సెల్ లోతు) నుంచి అంచులు పట్టే పోస్ట్ ప్రాసెస్ పద్ధతికి మారాలని ఎవరైనా సలహా ఇస్తే, నేలను ఏటవాలుగా చూసినప్పుడు పక్క పక్క పిక్సెళ్ల లోతు తేడా ఎక్కువై నేలంతా నల్లబడుతుందని గుర్తుంచుకోండి. ఉపరితలం కెమెరాకు ఎంత వాలి ఉందో దాన్నిబట్టి త్రెషోల్డ్ పెంచితే గానీ అది సర్దుకోదు.

టెక్స్చర్ల సాంద్రత తూకం కూడా చూసుకోండి. ఈ కెమెరాకు మీటరుకు 256 నుంచి 512 పిక్సెళ్లు సరిపోతాయి. 512 ఎంచుకుంటే 2048 టెక్స్చర్ ఒకటి 4 మీటర్ల చదరాన్ని కప్పుతుంది. అన్నిటి మీదా ఒకే గళ్ల టెక్స్చర్ వేసి గళ్లు ఒకే సైజులో కనబడుతున్నాయో లేదో చూడండి. ఒక ప్యాక్‌లో గళ్లు గోరంత, ఇంకో దానిలో అరచేయంత ఉంటే అదే అతుకు. సాంద్రత సమానమైనా కుంచె గీతల వెడల్పు వేరైతే మళ్లీ తేడానే. రాయి ఫోటో నుంచి తీసిన టెక్స్చర్‌ను చేత్తో వేసిన దాని పక్కన ఏ ఫిల్టరూ కలపలేదు, అలాంటి వాటికి నార్మల్ మ్యాప్ (ఉత్తుత్తి ఎత్తుపల్లాలు చూపే టెక్స్చర్) తీసేసి ఒకటి రెండు చదును రంగులతో కొత్తగా వేయడమే దారి.

కదలిక గురించి మీరు అడగలేదు కానీ అదీ శైలిలో భాగమే. గీసిన బొమ్మలా ఉన్న పాత్ర సెకనుకు 60 సార్లు నున్నగా కదిలితే కన్ను వెంటనే ఇది 3డీ అని పట్టేస్తుంది. గిల్టీ గేర్‌లో కీ ఫ్రేముల మధ్య ఇంటర్‌పొలేషన్ ఆపేసి ఒక్కో భంగిమను కొన్ని ఫ్రేములు నిలిపారు. కప్‌హెడ్‌లో చేత్తో గీసిన యానిమేషన్ సెకనుకు 24 బొమ్మలతో నడుస్తుంది, ఆట మాత్రం 60తో. మీరు చేస్తే భంగిమను 60లో సమంగా భాగించే సంఖ్యలో నిలపండి: సెకనుకు 12 భంగిమలైతే ఒక్కోదానికి 5 ఫ్రేములు, 15 అయితే 4, 20 అయితే 3. 24 ఎంచుకుంటే ఒక్కో భంగిమకు రెండున్నర ఫ్రేములు పడి లయ తడబడుతుంది. నిలపాల్సింది భంగిమను మాత్రమే. పాత్ర స్థానం, కెమెరా, బటన్ స్పందన 60తోనే సాగాలి, లేకపోతే ఆట బరువుగా అనిపిస్తుంది. పొగ, నిప్పు, దుమ్ము కూడా మెత్తటి పారదర్శక పార్టికల్స్‌గా వదిలేయకండి, గట్టి అంచున్న ఫ్లిప్‌బుక్ బొమ్మలకు మార్చండి.

పని వరస ఇలా పెట్టుకోండి. ముందు కెమెరా దూరమూ ఫీల్డ్ ఆఫ్ వ్యూ ఖాయం చేయండి, పై లెక్కలన్నీ వాటి మీదే ఆధారపడ్డాయి. తర్వాత 10 మీటర్ల చదరంలో ఒక మూల మాత్రం తీసుకోండి: ఒక పాత్ర, ఒక ఇల్లు, ఒక చెట్టు, ఒక పీపా, కాస్త పొగ. అది మూడు పరీక్షలూ నెగ్గేదాకా ఇంకే వస్తువూ గేమ్‌లోకి తేవద్దు. నెగ్గాక వెలుగు స్థాయిల హద్దులు, నీడ రంగుల సూత్రం, గీత మందం, టెక్స్చర్ సాంద్రత, బెవెల్ సైజు, పాత్ర తలల లెక్క ఒకే పేజీలో రాసి, పక్కన ఆ మూల స్క్రీన్‌షాట్ అతికించి ముగ్గురూ దగ్గర పెట్టుకోండి. కొత్త ప్యాక్ కొనేముందు అందులోని ఒక వస్తువును ఆ మూలలో నిలబెట్టి చూడండి. దాన్ని సరిచేయడానికి పట్టే సమయం కొత్తగా మోడల్ చేయడానికి పట్టేదానిలో సగం దాటుతుందనిపిస్తే ఆ ప్యాక్ మీకు పనికిరాదు. ఇప్పటికే ఉన్న వాటిలో ముందు చెట్లు దిద్దండి, తర్వాత ఇళ్ల తలుపులు, ఆ తర్వాత పీపాల టెక్స్చర్లు. ముఖం నార్మల్స్ పని సమాంతరంగా పాత్రలు చేసే మనిషి చూసుకోవచ్చు. చెట్లు దిద్దాక మళ్లీ ఒక నలుపు-తెలుపు స్క్రీన్‌షాట్ ఇక్కడ పెట్టండి, నీడ రంగులు దాన్ని చూసి చెప్పొచ్చు.